పాత సాఫ్ట్‌వేర్‌కు భద్రతా సవరణలు: ఖరగ్‌పూర్ పరిసరాల అనుభవం చెప్పేదేమిటి?

2017 మే నెల మధ్యలో పశ్చిమ బెంగాల్‌లోని పశ్చిమ మేదినీపూర్ జిల్లాలో బెల్దా, దాంతన్, నారాయణగఢ్, కేశియాడి విద్యుత్ కార్యాలయాల కంప్యూటర్లు ఉన్నట్టుండి పనిచేయడం మానేశాయి. తెరలపై ఒక హెచ్చరిక నిలిచిపోయింది. మీ దస్త్రాలన్నింటికీ తాళం పడింది, తెరవాలంటే బిట్‌కాయిన్ రూపంలో సొమ్ము చెల్లించాలి అన్నది దాని సారాంశం. పశ్చిమ బెంగాల్ రాష్ట్ర విద్యుత్ పంపిణీ సంస్థకు చెందిన ఈ కార్యాలయాల్లో బిల్లుల పనికి ఆటంకం కలిగినట్లు అప్పట్లో వార్తలు వెలువడ్డాయి.

ఈ నాలుగు ఊళ్లూ ఖరగ్‌పూర్ సబ్‌డివిజన్ పరిధిలోనివే. వాటిలో నారాయణగఢ్, బెల్దా, దాంతన్ ఖరగ్‌పూర్ నుంచి ఒడిశా మీదుగా ఆంధ్రప్రదేశ్‌కు సాగే రైలుమార్గంపై ఉన్నాయి. శ్రీకాకుళం, విజయనగరం, విశాఖపట్నం ప్రాంతాల నుంచి బెంగాల్ నాగపూర్ రైల్వే కాలంలో ఉద్యోగాల కోసం వచ్చి ఖరగ్‌పూర్‌లో స్థిరపడిన తెలుగు కుటుంబాలు తరతరాలుగా ప్రయాణిస్తున్న దారి అది. ఆ దారికి ఆవలి కొసన కూడా అదే వారంలో అదే దాడి జరిగింది. చిత్తూరు, కృష్ణా, గుంటూరు, విశాఖపట్నం, శ్రీకాకుళం జిల్లాల్లోని 18 పోలీసు విభాగాల కంప్యూటర్లు దానికి లోనయ్యాయి.

ప్రపంచమంతటా వన్నాక్రై అన్న పేరుతో ప్రసిద్ధమైన ఈ దాడి సుమారు 150 దేశాల్లో రెండు లక్షలకు పైగా కంప్యూటర్లను తాకింది. దానికి మూలమైన లోపం అప్పటికి గుట్టుగా ఏమీ లేదు. దాన్ని సరిదిద్దే సవరణ 59 రోజుల ముందే విడుదలై, ఎవరైనా ఉచితంగా అమర్చుకొనేందుకు సిద్ధంగా ఉంది. సవరణ ఉండి కూడా కంప్యూటర్‌కు ఎందుకు చేరలేదన్నదే ఈ ఉదంతంలో అసలు ప్రశ్న. పాత సాఫ్ట్‌వేర్ వాడుతున్న ప్రతి కార్యాలయానికీ, ప్రతి ఇంటికీ ఈ ప్రశ్న నేటికీ వర్తిస్తుంది.

మూడు తేదీలు

ఈ ఉదంతాన్ని అర్థం చేసుకొనేందుకు మూడు తేదీలు గుర్తుంచుకోవాలి. 2017 మార్చి 14న మైక్రోసాఫ్ట్ సంస్థ ఎంఎస్17-010 అన్న సంఖ్యతో భద్రతా ప్రకటనను, దానితోపాటు సవరణను విడుదల చేసింది. ఏప్రిల్ 14న షాడో బ్రోకర్స్ అనే పేరుతో వ్యవహరించే అజ్ఞాత బృందం, అమెరికా జాతీయ భద్రతా సంస్థ నుంచి బయటకు పొక్కిన కొన్ని చొరబాటు సాధనాలను బహిరంగపరచింది. ఇటర్నల్‌బ్లూ అన్నది వాటిలో ఒకటి. మార్చిలో సరిదిద్దిన లోపాన్నే అది వాడుకొనేది. మే 12న, శుక్రవారం నాడు, ఆ సాధనాన్ని తనలో ఇముడ్చుకొన్న వన్నాక్రై వ్యాపించింది.

లోపం ఉన్నది ఒకే నెట్‌వర్క్‌లోని కంప్యూటర్లు దస్త్రాలను, ప్రింటర్లను పంచుకొనేందుకు వాడే ఎస్ఎంబీ అనే పద్ధతిలో. దాని మొదటి రూపం 1980వ దశకం నాటిది. కొత్త రూపాలు వచ్చినా, పాత యంత్రాలతో సంభాషణ తెగిపోకూడదన్న ఉద్దేశంతో మొదటి రూపాన్ని కూడా విండోస్‌లో అలాగే ఉంచుతూ వచ్చారు. ప్రత్యేకంగా తయారుచేసిన సందేశాన్ని ఆ పద్ధతి ద్వారా పంపితే, అవతలి కంప్యూటర్ దాన్ని సరిగా కొలవలేక, పంపినవారి ఆదేశాలను తన సొంత ఆదేశాలుగా భావించి అమలు చేసేది. ఎవరూ ఏ లంకెనూ నొక్కనక్కరలేదు, ఏ ఈమెయిల్‌నూ తెరవనక్కరలేదు. ఒక కార్యాలయంలో ఒక్క యంత్రం చిక్కితే చాలు, దానితో కలిసి ఉన్న సవరణ లేని యంత్రాలన్నీ వరుసగా చిక్కేవి.

దాడి చేసినవారు ఒక్కో కంప్యూటర్‌కు 300 డాలర్లు అడిగారు. మూడు రోజులు దాటితే మొత్తం రెట్టింపు అవుతుందని బెదిరించారు. మార్కస్ హచిన్స్ అనే బ్రిటన్ యువ పరిశోధకుడు ఆ ప్రోగ్రాంలో ప్రస్తావించిన ఒక వెబ్ చిరునామాను తన పేర నమోదు చేయడంతో వ్యాప్తి చాలా వరకు ఆగింది. ఆ చిరునామా నుంచి సమాధానం వస్తే తన పని ఆపివేసేలా ప్రోగ్రాంను రాసి ఉండటమే ఇందుకు కారణం. అయితే దీనివల్ల ఏ యంత్రంలోనూ లోపం తొలగిపోలేదు. కేవలం ఆ ఒక్క దాడి నెమ్మదించింది. అదే ఏడాది జూన్ 27న నాట్‌పెట్యా పేరుతో మరో దాడి అదే లోపాన్ని వాడుకొంది. ముంబయి సమీపంలోని జవహర్‌లాల్ నెహ్రూ నౌకాశ్రయంలో ఒక టెర్మినల్ కార్యకలాపాలు దానివల్ల స్తంభించాయి.

సవరణ అంటే ఏమిటి?

ప్యాచ్ అన్న మాటకు అతుకు అని అర్థం. ప్రోగ్రాం మొత్తాన్ని మార్చకుండా, లోపం ఉన్న భాగాన్ని మాత్రమే సరిచేసిన రాతతో భర్తీ చేయడాన్ని సాఫ్ట్‌వేర్ రంగంలో అలా వ్యవహరిస్తారు. బయటపడిన ప్రతి లోపానికీ సీవీఈ అనే ఉమ్మడి జాబితాలో ఒక సంఖ్య ఇస్తారు. 1999లో ఆరంభమైన ఈ జాబితా వల్ల ప్రపంచంలో ఎక్కడివారైనా ఒకే లోపాన్ని ఒకే పేరుతో పిలవగలుగుతున్నారు. ఇటర్నల్‌బ్లూ వాడుకొన్న లోపం సంఖ్య సీవీఈ-2017-0144.

మైక్రోసాఫ్ట్ 2003 నుంచి ప్రతి నెలా రెండో మంగళవారం సవరణలను విడుదల చేస్తోంది. భారత కాలమానం ప్రకారం అది మంగళవారం రాత్రి పొద్దుపోయాక జరుగుతుంది. కాబట్టి మన కార్యాలయాల్లో బుధవారం ఉదయం నుంచే అసలు లెక్క మొదలవుతుంది.

లెక్క అనడానికి కారణం ఉంది. సవరణ వెలువడిన క్షణం నుంచి లోపం రహస్యం కాదు. సవరణకు ముందున్న రాతను, తరువాతి రాతను పక్కపక్కన పెట్టి పోల్చితే ఏ భాగం మారిందో, తద్వారా లోపం ఎక్కడుందో నిపుణులకు తెలిసిపోతుంది. ఆ నిపుణుల్లో దాడి చేసేవారు కూడా ఉంటారు. అంటే సవరణను అమర్చుకొన్నవారికి అది రక్ష అయితే, అమర్చుకోనివారి ఇంటి గుట్టును బయటపెట్టే ప్రకటన కూడా అదే. సవరణ వచ్చాక గడిచే ప్రతి రోజూ వెనుకబడినవారికి ప్రమాదాన్ని పెంచుతూ పోతుంది.

పాతదా, పట్టించుకోనిదా?

వన్నాక్రై ప్రస్తావన వచ్చినప్పుడల్లా విండోస్ ఎక్స్‌పీ పేరు వినిపిస్తుంది. 2001 అక్టోబరులో విడుదలైన ఆ వ్యవస్థకు 2014 ఏప్రిల్ 8తో సాధారణ మద్దతు ముగిసింది. కనుక 2017 మార్చిలో దానికి అందరికీ అందుబాటులో ఉండే సవరణ రాలేదు. దాడి మొదలైన కొద్ది గంటల్లోనే మైక్రోసాఫ్ట్ అసాధారణ నిర్ణయం తీసుకొని, మద్దతు ముగిసిన ఎక్స్‌పీ, సర్వర్ 2003 వంటి వాటికి కూడా సవరణను ఉచితంగా విడుదల చేసింది. 2019 మే నెలలో బ్లూకీప్ అనే మరో లోపం బయటపడినప్పుడు కూడా ఇలాగే చేసింది.

అయితే ఆ తరువాత కాస్పర్‌స్కీ సంస్థ ప్రకటించిన లెక్కల ప్రకారం, వన్నాక్రై బారిన పడినట్లు తాము గుర్తించిన యంత్రాల్లో దాదాపు 98 శాతం విండోస్ 7వి. ఎక్స్‌పీ వాటా అత్యల్పం. విండోస్ 7కు ఆ నాటికి మద్దతు ఉంది, సవరణ రెండు నెలల క్రితమే వచ్చింది. దీన్నిబట్టి ఒక తేడా స్పష్టమవుతుంది. మద్దతు ముగిసిన సాఫ్ట్‌వేర్ ఒక సమస్య. మద్దతు ఉన్నా సవరణలు అమర్చని సాఫ్ట్‌వేర్ మరో సమస్య. మొదటిదానికి డబ్బు, ప్రణాళిక కావాలి. రెండోదానికి చాలా సందర్భాల్లో శ్రద్ధ చాలు. 2017లో ఎక్కువ నష్టం చేసింది రెండోదే.

ఇంగ్లండ్‌లో 236 ఆసుపత్రి ట్రస్టులుండగా కనీసం 80 ట్రస్టులు ఈ దాడి వల్ల ఇబ్బందుల పాలయ్యాయి. వేల సంఖ్యలో వైద్య అపాయింట్‌మెంట్లు రద్దయ్యాయి. ప్రాథమిక భద్రతా జాగ్రత్తలు పాటించి ఉంటే దీన్ని నివారించగలిగేవారని ఆ దేశ జాతీయ ఆడిట్ కార్యాలయం అదే ఏడాది అక్టోబరులో తేల్చింది.

సవరణలు ఎందుకు ఆలస్యమవుతాయి?

ఆలస్యాన్నంతటినీ నిర్లక్ష్యం ఖాతాలో వేయడం న్యాయం కాదు. చిన్న ఊరి కార్యాలయంలో ఒక్క కంప్యూటర్ ఉంటే, దాన్ని ఆపి తిరిగి ప్రారంభించినంతసేపు వరుసలో నిలబడినవారు వేచి ఉండాలి. బిల్లులు వేసే ప్రోగ్రాం ఎప్పుడో ఒక గుత్తేదారు రాసి ఇచ్చినది కావచ్చు. సవరణ తరువాత అది తెరుచుకోకపోతే సరిచేసేవారు దొరకకపోవచ్చు. కొన్ని కంప్యూటర్లలో అనుమతి లేని నకలు విండోస్ ఉంటుంది. అది ఎక్కడ బయటపడుతుందోనన్న భయంతో స్వయంచాలక నవీకరణను ఆపివేస్తారు. ఇంటర్నెట్ నెమ్మదిగా ఉండటం మరో కారణం.

సవరణే చేటు తెస్తుందన్న భయం కూడా నిరాధారం కాదు. 2024 జులై 19న క్రౌడ్‌స్ట్రైక్ అనే భద్రతా సంస్థ పంపిన లోపభూయిష్టమైన నవీకరణ ప్రపంచవ్యాప్తంగా సుమారు 85 లక్షల విండోస్ కంప్యూటర్లను స్తంభింపజేసింది. మన విమానాశ్రయాల్లో చెక్‌ఇన్ వ్యవస్థలు ఆగిపోయాయి. హైదరాబాద్ నుంచి కోల్‌కతా వెళ్లే ప్రయాణికుడికి చేతితో రాసి ఇచ్చిన బోర్డింగ్ పాసు చిత్రం ఆ రోజు దేశమంతా చూసింది.

ఈ ఉదంతాన్ని చూపి సవరణలే వద్దనుకోవడం సరికాదు. అది నేర్పేది వేరు. సవరణను ఒకేసారి అన్ని యంత్రాలకూ పంపకుండా, ముందు ఒకటి రెండింటిపై పరీక్షించి, ఇబ్బంది లేదని తేలాక మిగిలినవాటికి విస్తరించాలి. వెనక్కు తిరిగే దారి, అంటే పాత స్థితి నకలు, ముందే సిద్ధం చేసుకోవాలి. పరీక్షకు పట్టే సమయం రోజుల్లో ఉండాలి కానీ నెలల్లో ఉండకూడదు.

రైల్వేలో సమస్య స్వరూపం

ఖరగ్‌పూర్ వంటి రైల్వే పట్టణంలో సాఫ్ట్‌వేర్ అంటే బల్లమీది కంప్యూటర్ ఒక్కటే కాదు. 2017 నవంబరులో, అంటే వన్నాక్రై దాడి జరిగిన ఆరు నెలలకు, ఖరగ్‌పూర్ స్టేషన్ యార్డులో పాత రిలే వ్యవస్థ స్థానంలో కంప్యూటర్ ఆధారిత ఇంటర్‌లాకింగ్ అమలులోకి వచ్చింది. పాత వ్యవస్థ 423 మార్గాలను నిర్వహించగా కొత్తది 800 మార్గాలను నిర్వహిస్తుందని, ఆసియాలో ఇంత పెద్దది ఇదేనని రైల్వే అధికారులు అప్పట్లో పేర్కొన్నారు. ఈ మార్పు కోసం ఆ నెలలో పలు రైళ్లను రద్దు చేయవలసి వచ్చింది.

ఇంటర్‌లాకింగ్ అంటే రెండు రైళ్లకు ఒకే పట్టాను ఒకేసారి కేటాయించే అవకాశం లేకుండా సిగ్నళ్లను, పాయింట్లను పరస్పరం ముడివేసే ఏర్పాటు. రిలేలు విద్యుదయస్కాంతంతో కదిలే మీటలు. వాటికి వైరస్ సోకదు. వాటి స్థానంలో వచ్చిన ప్రాసెసర్లు ఒకటికి మించి ఉండి, వేర్వేరుగా లెక్కించి, ఏకీభవించినప్పుడే ఆదేశం ఇస్తాయి. తేడా వస్తే సిగ్నల్ ఎరుపుకు మారుతుంది. ఇటువంటి వ్యవస్థకు నెలనెలా సవరణలు అమర్చడం సాధ్యం కాదు. ఒక్క వాక్యం మారినా మళ్లీ పరీక్షలు, ధ్రువీకరణ, అనుమతి అవసరం. అందువల్ల దాని రక్షణ ప్రధానంగా వేరే మార్గంలో జరగాలి. ఇంటర్నెట్‌తో, కార్యాలయ నెట్‌వర్క్‌తో సంబంధం లేకుండా ఉంచడం, గదిలోకి ప్రవేశాన్ని నియంత్రించడం, బయటి పెన్‌డ్రైవ్‌లను, ల్యాప్‌టాప్‌లను కలపనీయకపోవడం ఆ మార్గంలోని ముఖ్యాంశాలు.

మార్పును నమోదు చేసి, పూర్తిగా పరీక్షించడం ఎంత ప్రాణప్రదమో ఇదే ఖరగ్‌పూర్ డివిజన్ దారుణంగా చవిచూసింది. 2023 జూన్ 2న బాలేశ్వర్ జిల్లాలోని బహనగా బజార్ స్టేషన్‌లో కోరమండల్ ఎక్స్‌ప్రెస్ ఆగి ఉన్న గూడ్సు రైలును ఢీకొన్న దుర్ఘటనలో 290 మందికి పైగా మరణించారు. అది సాఫ్ట్‌వేర్ లోపమూ కాదు, సైబర్ దాడీ కాదు. సిగ్నల్ సర్క్యూట్‌లో గతంలో చేసిన మార్పుల్లోనూ, లెవెల్ క్రాసింగ్ గేటు పనుల సమయంలోనూ జరిగిన పొరపాట్లు కారణమని రైల్వే భద్రతా కమిషనర్ విచారణలో తేలింది. 2022 మే నెలలో ఇదే డివిజన్‌లోని బాంక్రానయాబాజ్ స్టేషన్‌లో ఇటువంటి తప్పు వైరింగ్ వల్లనే ఒక ఘటన జరిగిందని, అప్పుడే దిద్దుబాటు చర్యలు తీసుకొని ఉంటే ఈ ప్రమాదం జరిగేది కాదని ఆ నివేదిక పేర్కొంది. ఒకచోట బయటపడిన లోపాన్ని అన్నిచోట్లా వెతికి సరిచేయాలన్న సూత్రం తీగలకూ, సాఫ్ట్‌వేర్‌కూ ఒక్కటే.

సికింద్రాబాద్ నుంచి మొదలైన పాత వ్యవస్థ

ప్రయాణికుల రిజర్వేషన్ వ్యవస్థ పాత సాఫ్ట్‌వేర్‌కు మరో కోణం. 1986లో ఏర్పడిన రైల్వే సమాచార వ్యవస్థల కేంద్రం, అంటే క్రిస్, కాన్సర్ట్ అనే ప్రోగ్రాంను రూపొందించింది. దాన్ని 1994 సెప్టెంబరులో తొలిసారి సికింద్రాబాద్‌లో అమలు చేశారు. 1999 ఏప్రిల్ నాటికి దేశంలోని ప్రధాన కేంద్రాలన్నీ దానితో అనుసంధానమయ్యాయి. ఖరగ్‌పూర్ కౌంటర్‌లో నిలబడి విజయవాడ నుంచి చెన్నైకి టికెట్ కొనగలిగే సౌలభ్యం ఆ విధంగా వచ్చింది.

ప్రస్తుత రిజర్వేషన్ వ్యవస్థ 2010లో అమలైందని, ఇటానియం సర్వర్లపై ఓపెన్‌వీఎంఎస్ అనే నిర్వాహక వ్యవస్థతో నడుస్తోందని, దాన్ని ఆధునిక సాంకేతికతకు మార్చవలసి ఉందని రైల్వే శాఖ 2025లో పార్లమెంటుకు తెలిపింది. ఇటానియం చిప్‌ల సరఫరాను ఇంటెల్ 2021లోనే నిలిపివేసింది. ఓపెన్‌వీఎంఎస్ మూలాలు 1970వ దశకం నాటివి. భద్రత విషయంలో దానికి మంచి పేరుంది. అయినప్పటికీ 1984 నాటి రూపం నుంచీ అందులో ఒక లోపం దాగి ఉందని 2018 ఆరంభంలో వెల్లడైంది. అప్పటికే వ్యవస్థలో ప్రవేశం ఉన్న వ్యక్తి తనకు లేని అధికారాలు పొందేందుకు వీలు కల్పించే లోపం అది. ఆ హెచ్చరిక ఆ నిర్వాహక వ్యవస్థను వాడేవారందరికీ వర్తించే సాధారణ హెచ్చరిక మాత్రమే, మన రైల్వేకు ప్రత్యేకించినది కాదు. ఇన్నేళ్లుగా ఏమీ కాలేదు కాబట్టి ఇకమీదట కూడా ఏమీ కాదన్న ధీమాకు మాత్రం అది సమాధానం. ముప్ఫై ఏళ్లకు పైగా ఎవరి కంటా పడకపోవడం, లోపం లేకపోవడం ఒకటి కాదు.

సవరణ సాధ్యం కాకపోతే?

మద్దతు ముగిసిన సాఫ్ట్‌వేర్‌ను రేపే మార్చడం అన్ని కార్యాలయాలకూ సాధ్యం కాదు. అటువంటప్పుడు నిపుణులు సూచించే తాత్కాలిక రక్షణలు కొన్ని ఉన్నాయి.

మొదటిది వేరుచేయడం. పాత యంత్రాన్ని ఇంటర్నెట్‌కు, మిగిలిన కార్యాలయ నెట్‌వర్క్‌కు దూరంగా ఉంచాలి. 2022 నవంబరులో ఢిల్లీ ఎయిమ్స్ సర్వర్లపై జరిగిన దాడికి నెట్‌వర్క్‌ను సరిగా విభజించకపోవడం కారణమని కేంద్ర ప్రభుత్వం పార్లమెంటుకు తెలిపింది. ఆ రోజుల్లో అక్కడ రోగుల నమోదు, నివేదికల పని చేతిరాతతో సాగింది.

రెండోది అవసరం లేని ద్వారాలు మూయడం. ఎస్ఎంబీ మొదటి రూపాన్ని నిలిపివేయడం, 445వ నంబరు పోర్టును బయటి నుంచి చేరనీయకుండా ఫైర్‌వాల్‌తో అడ్డుకోవడం వన్నాక్రై వంటి దాడులను ఆపగల చర్యలు. వీటికి కొత్త యంత్రం కొననక్కరలేదు.

మూడోది నకలు. ముఖ్యమైన దస్త్రాల ప్రతిని కంప్యూటర్‌తో నిత్యం కలిసి ఉండని మరో డిస్క్‌లో భద్రపరచాలి. ఎల్లప్పుడూ తగిలించి ఉంచిన డిస్క్‌కు కూడా దాడిలో తాళం పడుతుంది. నకలు నుంచి దస్త్రాలు తిరిగి వస్తున్నాయో లేదో అప్పుడప్పుడు తెరిచి చూడాలి.

నాలుగోది గడువు. తాత్కాలిక ఏర్పాటుకు ముగింపు తేదీ లేకపోతే అది శాశ్వతమైపోతుంది. ఏటీఎంల విషయంలో రిజర్వ్ బ్యాంకు అనుసరించిన పద్ధతి ఇందుకు ఉదాహరణ. ఎక్స్‌పీ వంటి మద్దతు లేని వ్యవస్థలపై నడుస్తున్న ఏటీఎంలను దశలవారీగా మార్చాలని 2018 జూన్ 21న బ్యాంకులను ఆదేశించింది. ఆ ఏడాది సెప్టెంబరు నాటికి 25 శాతం, డిసెంబరు నాటికి 50 శాతం, 2019 మార్చి నాటికి 75 శాతం, జూన్ నాటికి మొత్తం పూర్తిచేయాలని గడువులు విధించింది. ఎక్స్‌పీకి మద్దతు ముగిసిన ఐదేళ్లకు గానీ చివరి గడువు రాలేదన్నది నిజమే. అయినా తేదీ, శాతం స్పష్టంగా ఉండటం వల్ల ఎవరు వెనుకబడ్డారో తెలిసే వీలు కలిగింది.

చట్టం, సంస్థలు

సైబర్ ఘటనలపై స్పందించే జాతీయ సంస్థ సెర్ట్-ఇన్. 2004 నుంచి పనిచేస్తున్న ఈ సంస్థకు సమాచార సాంకేతికత చట్టంలోని 70బి సెక్షన్ అధికారాలు కల్పిస్తోంది. కొత్త లోపాలపై హెచ్చరికలను, సవరణల వివరాలను అది ఎప్పటికప్పుడు వెలువరిస్తుంది. 2022 ఏప్రిల్ 28న జారీచేసిన ఆదేశాల ప్రకారం కంపెనీలు, ప్రభుత్వ సంస్థలు, సేవాదాతలు నిర్దేశిత సైబర్ ఘటనలను గుర్తించిన ఆరు గంటల్లోపు దానికి తెలియజేయాలి. విద్యుత్తు, రవాణా, బ్యాంకింగ్ వంటి కీలక వ్యవస్థల రక్షణను 70ఎ సెక్షన్ కింద 2014లో ఏర్పడిన జాతీయ కీలక సమాచార మౌలిక వ్యవస్థల పరిరక్షణ కేంద్రం చూస్తుంది.

ఒక సాఫ్ట్‌వేర్ లోపల మరెన్ని సాఫ్ట్‌వేర్ భాగాలున్నాయో తెలియకపోవడం ఇటీవల బయటపడిన సమస్య. 2021 డిసెంబరులో లాగ్4జె అనే చిన్న ఉచిత భాగంలో తీవ్రమైన లోపం వెల్లడైనప్పుడు, అది తమ వద్ద ఉందో లేదో తెలుసుకొనేందుకే ఎన్నో సంస్థలకు వారాలు పట్టింది. సాఫ్ట్‌వేర్‌తోపాటు అందులోని భాగాల జాబితాను కూడా ఇవ్వడంపై సెర్ట్-ఇన్ 2024లో మార్గదర్శకాలు వెలువరించడానికి ఇటువంటి అనుభవాలే నేపథ్యం.

ఇళ్లలో, చిన్న దుకాణాల్లో

2020 డిసెంబరులో పశ్చిమ బెంగాల్ మంత్రివర్గం తెలుగుకు అధికార భాష హోదా కల్పించాలని నిర్ణయించినప్పుడు ప్రధానంగా వినిపించిన పేరు ఖరగ్‌పూర్. రైల్వేలో పదవీ విరమణ చేసిన ఎందరో తెలుగువారు అక్కడ నివసిస్తున్నారు. పింఛనుకు అవసరమైన డిజిటల్ జీవన ప్రమాణపత్రం, విద్యుత్ బిల్లు, రైలు టికెట్ వంటి పనుల కోసం చాలా ఊళ్లలో పెద్దలు వీధి చివరి ఇంటర్నెట్ కేంద్రాన్నే ఆశ్రయిస్తారు. అక్కడి కంప్యూటర్‌లో వారి ఆధార్ ప్రతి, పింఛను పత్రం, బ్యాంకు ఖాతా పుస్తకం మొదటి పుట మిగిలిపోతే, ఆ యంత్రం భద్రతే వారి భద్రత అవుతుంది. పని ముగిశాక తమ పత్రాలను తొలగించమని అడగడం వారి హక్కు. ఆ యంత్రానికి సవరణలు అమర్చడం దుకాణదారు బాధ్యత.

ఇళ్లలోని కంప్యూటర్ల విషయంలో తేదీలు తెలుసుకోవడం అవసరం. విండోస్ 7కు 2020 జనవరి 14తో, విండోస్ 8.1కు 2023 జనవరి 10తో, విండోస్ 10కు 2025 అక్టోబరు 14తో సాధారణ మద్దతు ముగిసింది. విండోస్ 10 వాడుతున్న గృహ వినియోగదారులు అదనపు భద్రతా సవరణల పథకంలో నమోదు చేసుకొంటే 2026 అక్టోబరు 13 వరకు సవరణలు అందుతాయని మైక్రోసాఫ్ట్ ప్రకటించింది. మద్దతు ముగిసినంత మాత్రాన కంప్యూటర్ ఆగిపోదు. నిన్నటిలాగే పనిచేస్తుంది. అందుకే ప్రమాదం కంటికి కనిపించదు. విండోస్ 11కు సరిపడని పాత కంప్యూటర్‌లో లైనక్స్ వంటి ఉచిత నిర్వాహక వ్యవస్థను అమర్చుకోవడం మరో మార్గం.

ఫోన్లకు కూడా ఇదే నియమం. ఆండ్రాయిడ్ ఫోన్ సెట్టింగ్స్‌లో భద్రతా నవీకరణ తేదీ కనిపిస్తుంది. ఆ తేదీ ఏడాది దాటి ఉంటే, తయారీదారు ఆ ఫోన్‌కు సవరణలు ఆపివేసి ఉండవచ్చు. అటువంటి ఫోన్‌లో బ్యాంకు లావాదేవీలు జరపకపోవడం మంచిది. ఇంట్లోని వైఫై రూటర్ కూడా ఒక చిన్న కంప్యూటరే. దానికీ నవీకరణలు ఉంటాయి, కొన్నప్పటి పాస్‌వర్డ్‌ను మార్చవలసి ఉంటుంది.

నవీకరణ పేరుతో మోసాలు కూడా జరుగుతున్నాయి. మీ కంప్యూటర్‌కు సవరణ చేస్తామంటూ వచ్చే ఫోన్ కాల్‌ను, సందేశంలోని లంకెను, వాట్సాప్‌లో వచ్చే యాప్ ఫైల్‌ను నమ్మరాదు. అసలైన సవరణ ఎప్పుడూ యంత్రంలోని సెట్టింగ్స్ ద్వారానో, అధికారిక యాప్ దుకాణం ద్వారానో వస్తుంది. దాని కోసం ఎవరూ ఓటీపీ అడగరు.

దస్త్రాలకు తాళం పడినట్లు హెచ్చరిక కనిపిస్తే ముందుగా నెట్‌వర్క్ తీగను తీసివేయాలి, వైఫైని ఆపాలి. పక్క యంత్రాలకు వ్యాపించకుండా ఇది తోడ్పడుతుంది. సొమ్ము చెల్లించినా దస్త్రాలు తిరిగి వస్తాయన్న హామీ లేదు. తెరపై కనిపించిన హెచ్చరికను ఫొటో తీసి ఉంచుకోవాలి. డబ్బు పోయినట్లయితే 1930 నంబరుకు వెంటనే ఫోన్ చేయాలి. జాతీయ సైబర్ నేరాల పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేయవచ్చు. సంస్థలు సెర్ట్-ఇన్ సహాయ కేంద్రాన్ని 1800-11-4949 ఉచిత నంబరులో సంప్రదించవచ్చు.

2017లో బెల్దా నుంచి శ్రీకాకుళం వరకు కార్యాలయాలకు జరిగిన నష్టాన్ని నివారించడానికి కొత్త ఆవిష్కరణ ఏదీ అవసరం లేకపోయింది. ప్రతి కార్యాలయంలోనూ ఏ యంత్రంలో ఏ సాఫ్ట్‌వేర్ ఉంది, దానికి మద్దతు ఎప్పటి వరకు, చివరి సవరణ ఎప్పుడు అమర్చారు, బాధ్యులెవరు అన్న నాలుగు వివరాలు ఒక రిజిస్టరులో ఉంటే చాలు. నెలకొకసారి ఆ రిజిస్టరు తెరిచి చూసే అధికారి ఒకరుండాలి.